వెన్నెల పుట్టిన గది

రంగుల మావయ్య నోరు విప్పాడంటే ఆ టీ కొట్టు దగ్గర ఎవరి టీ అయినా చల్లారిపోవాల్సిందే. ఆయన పని గోడలకి రంగులు వెయ్యడం. గోడల మీద కంటే మాటల మీద వేసే పూతలే ఎక్కువని ఆ వీధిలో అందరికీ తెలుసు. తెలిసి కూడా కూర్చుని వింటారు, పొద్దుపోవాలి కదా. కానీ ఆ ముసురు పట్టిన మధ్యాహ్నం అక్కడ కూర్చున్న వాళ్ళలో ఒకడికి మాత్రం ఆ సంగతి తెలియదు.

అతను టైలరు. ఊరికి అవతలి వైపు ఉంటాడు. రోడ్డుకి ఎదురుగా ఉన్న ఆసుపత్రిలో అతని భార్య పురుడు పోసుకుంది. ఆడపిల్ల. పుట్టిన మర్నాడే ఒళ్ళు పసుపు పచ్చగా మారితే కామెర్లు అన్నారు. భయం లేదన్నారు. అద్దాల పెట్టెలో పడుకోబెట్టి, కళ్ళకి గుడ్డ కట్టి, నీలం లైటు కింద పెట్టారు. పొద్దున్న అద్దంలోంచి చూసి వచ్చిన దగ్గర్నుంచి టైలరుకి కూర్చుంటే నిలకడ లేదు, నిలబడితే కాళ్ళు ఆగవు. అత్తగారు చూసి, "నువ్విక్కడ ఉండి చేసేదేం లేదు గానీ, పోయి ఓ చుక్క టీ తాగిరా నాయనా" అని బయటికి తోలేసింది.

కొట్టు మీద టార్పాలిన్ పరదా కట్టి ఉంది. దాని అంచు నుంచి వాన ధారగా కారుతోంది. పొయ్యి వెనక అక్క నిలబడి పాలు తిప్పుతోంది. అక్క అంటే టీ కొట్టు అక్క. బస్సు కండక్టరు డ్యూటీ మారే వేళ కాబట్టి సంచీ ఒళ్ళో పెట్టుకుని బెంచీ మీద చేరగిలబడ్డాడు. పక్కనే రంగుల మావయ్య, మోచేతుల దాకా తెల్లటి మరకలతో.

"ఆసుపత్రి పనా?" అన్నాడు కండక్టరు.

"అవునండి. పాప పుట్టింది."

"అయితే ఇంకేం! పేరు పెట్టేశారా?"

"మా ఆవిడ వెన్నెల అంటోంది. లోపల నర్సమ్మ కూడా ఇందాకట్నుంచి అడుగుతోంది, ఏదో ఒకటి తేల్చి చెప్పమని."

"మంచి పేరే గానీ, మరీ మామూలైపోయింది. నా బస్సులో వెన్నెలా అని పిలిస్తే సగం మంది తలలు తిప్పుతారు" అని నవ్వాడు కండక్టరు.

రంగుల మావయ్య నవ్వలేదు. చేతిలో గ్లాసు మెల్లగా బెంచీ మీద పెట్టాడు. గొంతు బాగా తగ్గించాడు. ఆయన గొంతు తగ్గిస్తే కథ పెద్దదని అర్థం. కొత్తవాడికి అది తెలియదు కాబట్టి ముందుకి వంగాడు.

"ఆ పేరు ఈ లోకంలోకి ఎలా వచ్చిందో తెలుసా బాబూ నీకు?"

"ఎలా వచ్చిందండి?"

"నా చేతి మీదుగా."

పొయ్యి దగ్గర అక్క ఒక్కసారి తలెత్తి చూసి, మళ్ళీ పాలలోకి దించుకుంది.

"పెద్ద ఘనకార్యం ఏమీ కాదులే. ఒక గదికి సున్నం వేశాను, అంతే. పాత వంతెన కూల్చారే, ఆ ఏడు మాట. గడియారాలు బాగుచేసే ఆయన ఒకడుండేవాడు. ముందు కొట్టు, వెనక ఇల్లు. ఇంట్లో అన్నిటికంటే లోపల ఒక గది. దానికి కిటికీ లేదు. వెంటిలేటర్ లేదు. ఎంత పెద్ద బల్బు పెట్టినా ఆ గదిలో దీపపు బుడ్డి అంత వెలుగు కూడా రాదు. వెలుగంతా ఎటు పోతుందో తెలీదు. ఆయన పెళ్ళాం ఆ గుమ్మం వైపే వచ్చేది కాదు, నడవాలన్నా గోడవారగా నడిచేది. నాకంటే ముందు ఒకడు ఆ గదికి రంగు వెయ్యడానికి వెళ్ళాడు. నల్లటి జుట్టుతో వెళ్ళినవాడు తెల్లటి జుట్టుతో బయటికొచ్చాడు."

"సున్నం పడుంటుంది మావా" అన్నాడు కండక్టరు.

"నువ్వు టిక్కెట్లు కొట్టుకోరా. ఆ మనిషి తలంటుకుని కూడా చూసుకున్నాడు, పోలేదు. సరే, నన్ను పిలిచారు. నా సంగతి తెలుసుగా, నేను వేసిన గోడ చూసుకుని జనం తల దువ్వుకుంటారు. సున్నం నానేసి, పల్చటి గుడ్డలో వడగట్టి, మళ్ళీ వడగట్టి, గాలికి లేచిపోయేంత మెత్తగా చేశాను. మొదటి పూత వేశాను. వేసి వెనక్కి తిరిగి చూద్దును కదా, గోడ ఎప్పట్లా నల్లగా ఉంది. పూత లేదు. రెండో పూత వేశాను. అదీ లేదు. ఎటు పోయిందంటావు?"

"ఎటు పోయింది?" అన్నాడు టైలరు.

"గోడ తాగేసింది బాబూ. నేను చెవి ఆనించి విన్నాను. గుటక వేసిన చప్పుడు వినబడింది."

వాన కొంచెం హెచ్చింది. పరదా మీద నీళ్ళు గుంటకట్టి ఒక్కసారిగా జారి రోడ్డు మీద పడ్డాయి. టైలరు ఉలిక్కిపడ్డాడు.

"నేను భయపడే రకమా? దాహం వేసిందేమో తాగనీ అనుకుని ఇంకో పూత వేశాను, ఇంకోటి వేశాను. తెచ్చిన సున్నం అయిపోయింది, వీధిలో వాళ్ళందరి ఇళ్ళలో ఉన్నదీ అయిపోయింది, పక్క ఊరి నుంచి లారీ తెప్పించాను. చివరికి గోడ దాహం తీరింది. పూత నిలిచింది. నేను చేతులు కడుక్కుని, మధ్య గదిలో కూర్చుని అన్నం తిన్నాను. పట్టపగలు. బయట ఎండ మాడ్చేస్తోంది. తిని, తడి ఆరిందో లేదో చూద్దామని తలుపు తోశాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

టైలరు బెంచీ అంచుకి జరిగాడు. కండక్టరు కూడా.

"గదిలో వెన్నెల కాస్తోంది."

"పగలా?"

"పగలే. కిటికీ లేని గదిలో, తలుపేసిన గదిలో. నేల మీద తెల్లగా పరుచుకుని ఉంది. చెయ్యి పెట్టాను, చల్లగా తగిలింది. నీళ్ళలో పెట్టినట్టు. చెయ్యి తీశాను, వేళ్ళ సందుల్లోంచి కారింది. అంతలో కొట్టులో గడియారాలన్నీ ఒకేసారి ఆగిపోయాయి. వీధిలో కుక్కలు మెడలు పైకెత్తి ఏడవడం మొదలుపెట్టాయి. రాత్రి పూసే పువ్వులు మధ్యాహ్నం ఎండలో విచ్చుకున్నాయి. ఇంట్లో బకెట్లలో నీళ్ళు, బిందెల్లో నీళ్ళు, ఎవరూ ముట్టుకోకుండా అంచుల దాకా పొంగి, ఆ గది వైపే వంగి నిలబడ్డాయి. పున్నమికి సముద్రం పొంగదూ, అలా. నేను చూశాను, నా కళ్ళతో. ఆ వెలుగు తలుపు కింద నుంచి కొట్టులోకి, కొట్టులోంచి వీధిలోకి పాకింది. సంతలో కూరలమ్మేవాళ్ళు చీకటి పడిందనుకుని దుకాణాలు సర్దేసి ఇళ్ళకెళ్ళి పడుకున్నారు. ఊరు ఊరంతా పడుకుంది. సూర్యుడికి ఏం చెయ్యాలో తోచక, పాపం, ముందే దిగిపోయాడు."

"ఆ రోజు నేనెక్కడున్నానో మరి" అన్నాడు కండక్టరు.

"పడుకుని ఉంటావు. అందరూ పడుకున్నారని చెబుతున్నాగా! మేలుకుని ఉన్నది ముగ్గురమే. నేను, గడియారాల ఆయన పెళ్ళాం, ఇంకోటి."

"ఇంకోటి ఏంటండి?" అన్నాడు టైలరు.

మావయ్య గ్లాసు తీసుకుని, చల్లారిన టీ ఒక గుక్క తాగి, మూతి తుడుచుకున్నాడు.

"గోడ మీద నీడ ఉంది బాబూ. చిన్నపిల్ల నీడ. మోకాళ్ళు దగ్గరకి ముడుచుకుని, గడ్డం వాటి మీద ఆనించుకుని కూర్చుంది. గదిలో నేను తప్ప మనిషి లేడు. నీడ మాత్రం ఉంది. వెనక్కి తిరిగి చూస్తే గుమ్మంలో ఆవిడ నిలబడి ఉంది. అంతకాలం ఆ వైపు రానిది, అప్పుడొచ్చింది. ఏమందో తెలుసా? 'దానికి మేం పేరు పెట్టలేదండి, పెట్టేలోపే పోయింది' అంది. అంతే అంది. అప్పుడర్థమైంది నాకు, ఆ గోడ అన్నాళ్ళూ వెలుగు ఎందుకు తాగిందో. చీకట్లో కూర్చున్న పిల్లకి వెలుగు పట్టుకెళ్ళి ఇస్తోంది. పిల్లకి కావలసింది అది కాదు, పేరు. పిలిస్తేగా అది కదిలేది!"

"మీరు పిలిచారా?"

"ఇంకెవరు పిలుస్తారు? ఏమని పిలవాలో తోచలేదు. గది నిండా కాస్తున్నదాన్నే చూసి, వెన్నెలా అన్నాను. నీడ మొహం ఇటు తిప్పింది."

"నీడకి మొహం ఎటుందో ఎలా తెలిసింది మావా నీకు?" అన్నాడు కండక్టరు.

"పక్కకి తిప్పినప్పుడు ముక్కు కనబడింది. సన్నటి ముక్కు. లేచింది, గౌను దులుపుకుంది, గోడ వెంట నడిచి గుమ్మం దాటి వెళ్ళిపోయింది. అది వెళ్ళిన ప్రతి వీధిలో, కడుపుతో ఉన్న ప్రతి ఆడమనిషికీ నిద్రలో ఆ పేరే వినబడింది. లేచి అందరూ అదే పెట్టారు. అంతకుముందు ఆ పేరు ఈ భూమ్మీద ఒక్కరికీ లేదు."

"ఆ మాట లేదా అండి అంతకుముందు?"

"మాట ఉంది. మాట వేరు, పేరు వేరు. మాట ఆకాశంలో ఉంటుంది, పేరు గుమ్మంలో నిలబడుతుంది. దాన్ని గుమ్మంలోకి దించింది నేను. ఓడలెక్కి వెళ్ళింది బాబూ ఆ నీడ! మన భాష రాని దేశాల్లో కూడా ఇప్పుడు ఆ పేరు పెడుతున్నారు. వాళ్ళకి నోరు తిరక్క ఏదోలా పలుకుతారు, అది వేరే సంగతి."

అక్కడితో ఆపేస్తే బాగుండేది. కండక్టరు నవ్వేవాడు, టైలరు డబ్బులిచ్చి లేచేవాడు. కానీ వినేవాడు నోరు తెరుచుకుని వింటుంటే రంగుల మావయ్య ఎప్పుడూ ఆపలేదు, ఆ రోజూ ఆపలేదు. బెంచీ మీద జరిగి, టైలరు మోకాలి మీద చెయ్యి వేశాడు. ఆ చెయ్యి సున్నపు వాసన వేసింది.

"అందుకే చెబుతున్నా. ఆ పేరు వద్దు."

"ఎందుకండి?"

"నీడ ఒంటరిది కదా. తోడు కావాలి దానికి. ఆ పేరు పెట్టిన ప్రతి పిల్ల దగ్గరకీ వస్తుంది. పిల్లని ఏమీ చెయ్యదు. పిల్ల నీడని చెయ్యి పట్టుకుని తీసుకుపోతుంది. అంతే. మొన్న మొన్నే ఆ గది తలుపు తీసి చూశాను. గోడలు కనబడలేదు. నేల నుంచి కప్పు దాకా పిల్లల నీడలు. చేతులు పట్టుకుని, ఒకదాని పక్కన ఒకటి, ఒకదాని మీద ఒకటి. టోపీలు పెట్టుకున్నవి కూడా ఉన్నాయి, చలిదేశాల నుంచి వచ్చినవి. ఒక్కటీ మాట్లాడదు. అన్నీ తలుపు వైపే చూస్తున్నాయి, కొత్తగా ఎవరొస్తారా అని. కావాలంటే నువ్వే చూసుకో బాబూ, వెన్నెల అనే పేరున్న ఏ ఆడపిల్లనైనా వెలుగులో నిలబెట్టు. కింద నీడ ఉండదు."

టైలరుకి పొద్దున్న చూసింది కళ్ళ ముందుకొచ్చింది. అద్దాల పెట్టె. పైనుంచి నీలం వెలుగు, పక్కల నుంచి వెలుగు, కింద తెల్లటి గుడ్డ. గుడ్డ మీద తన అరచేతికి ఇంకాస్త ఎక్కువ ఉన్న పిల్ల. దాని కాళ్ళు కదిలాయి, గుప్పిట కదిలింది. కింద గుడ్డ మీద మాత్రం ఏదీ కదల్లేదు. నీడ లేదు. ఎంత గుర్తు చేసుకున్నా లేదు. నర్సమ్మకి పేరింకా చెప్పలేదు, నిజమే. కానీ భార్య ఆ అద్దానికి మొహం ఆనించి, మెల్లగా, ఊపిరితో అన్నట్టుగా, ఆ పేరుతోనే పిలిచింది. తను పక్కనే ఉన్నాడు. విన్నాడు.

 అతను గ్లాసుతో సహా లేచి నిలబడ్డాడు.

"పిలిచేసింది" అన్నాడు.

"ఎవరు?" అన్నాడు కండక్టరు.

"మా ఆవిడ. పొద్దున్నే పిలిచేసింది. పాపకి నీడ లేదు. నేను చూశాను. ఇప్పుడు వేరే పేరు పెడితే... వేరే పేరు పెడితే వదిలేస్తుందా అండి అది?"

కండక్టరు మొహంలో నవ్వు పోయింది. అతను మావయ్య వైపు చూశాడు. ఇక చాలు, నిజం చెప్పెయ్ అన్నట్టు. మావయ్య నోరు తెరిచాడు గానీ అంత పెద్ద కథని ఎక్కడ పట్టుకుని వెనక్కి లాగాలో ఆయనకీ తెలిసినట్టు లేదు.

"అదీ... అంటే... వదిలేస్తుందనే అనుకుంటున్నా. ఒకసారి అలాగే..."

"చాల్లే ఆపు మావయ్యా!"

పొయ్యి వెనక నుంచి అక్క. ఆవిడ గొంతు పెంచడం ఆ కొట్టు దగ్గర ఎవరూ ఎప్పుడూ వినలేదు. గిన్నె పక్కకి దించి, మసిగుడ్డతో చేతులు తుడుచుకుంటూ ఇవతలికి వచ్చింది.

"పాత వంతెన కూల్చిన ఏడు కదూ?"

"ఊఁ."

"ఆ వంతెన కిందే ఉండేది నా కొట్టు. కూలుస్తున్నామని చెబితే పొయ్యీ గిన్నెలూ నెత్తిన పెట్టుకుని ఇక్కడికి వచ్చాను. అప్పటికే నా పెద్దకొడుక్కి మీసాలు వస్తున్నాయి. అవునా?"

"అవును. అయితే?"

"అయితే అంతకుముందు ఆ పేరు భూమ్మీద ఎవరికీ లేదన్నావు కదా. నా పేరు ఏంటి మావయ్యా?"

రంగుల మావయ్య కండక్టరు వైపు చూశాడు. కండక్టరు ఆయన వైపు చూశాడు. ఇద్దరూ ఆ కొట్టులో తాగిన టీ పోస్తే చెరువు నిండుతుంది. ఇద్దరికీ ఆవిడ పేరు తెలియదు.

"అక్క" అన్నాడు కండక్టరు నసుగుతూ.

"అక్క అని పేరు పెట్టిందా మా అమ్మ నాకు? వెన్నెల నా పేరు. పుట్టినప్పట్నుంచి అదే." అని టైలరు వైపు తిరిగింది. "ఇటు చూడు నాయనా."

ముసురుకి కొట్టంతా మసకగా ఉంది. ఆవిడ చెయ్యి చాపి స్విచ్ నొక్కింది. ఆవిడ వెనక, పొయ్యి పక్కన వేలాడే బల్బు వెలిగింది. ఆవిడ నీడ బెంచీ మీద నుంచి, రంగుల మావయ్య ఒళ్ళో నుంచి, వెనక గోడ దాకా పడింది. లావుపాటి నీడ, భుజాలున్న నీడ. ముడి వేసుకున్న జుట్టుతో సహా ఉంది.

"ఎవరైనా తీసుకుపోయారా దీన్ని? తీసుకుపోదామన్నా మొయ్యలేరు" అంది. కండక్టరు పకపకా నవ్వాడు. మావయ్య మాత్రం తన ఒళ్ళో పడ్డ నీడని చూసి కాళ్ళు కాస్త దగ్గరికి లాక్కున్నాడు.

"మరి పాపకి..." అన్నాడు టైలరు.

"అన్ని వైపుల నుంచీ లైట్లు పెడితే నీడ ఎక్కడ పడుతుందయ్యా? నా మనవడినీ పెట్టారు ఆ పెట్టెలో. ఇప్పుడు వాడూ వాడి నీడా కలిసి నా కొంప పీకి పందిరేస్తున్నారు. బయటికి తీసి ఎత్తుకుని చూడు, నీ చొక్కా మీదే పడుతుంది."

టైలరు బెంచీ మీద కూలబడ్డాడు.  అక్క అతని చేతిలో గ్లాసు తీసుకుని కడిగి, వేడి టీ పోసి ఇచ్చింది. అతను రెండు చేతులా పట్టుకున్నాడు.

"మీకెందుకు పెట్టారండి ఆ పేరు?" అని అడిగాడు కాసేపటికి.

ఆవిడని అలా అడిగినవాళ్ళు అంతవరకూ ఎవరూ లేరు. గరిటె తీసుకుంది, మళ్ళీ పెట్టేసింది.

"మా అమ్మ ఇటుక బట్టీలో పనిచేసేది. నిండు నెలలతో కూడా పోయేది. పైన ఎండ, పక్కన బట్టీ. మోచేతుల మీద బొబ్బలు మానకముందే కొత్తవి లేచేవి. నేను అడిగాను ఒకసారి, ఇదే పేరు ఎందుకమ్మా అని. 'నాకు తెలిసిన వెలుగులన్నీ కాల్చేవేనే, అదొక్కటే కాల్చదు' అంది. తెల్లటి నెల, అంతే కదా ఆ మాటకి అర్థం. నెలంటే చందమామేగా. చల్లగా ఉండమని పెట్టింది. ఉన్నానో లేదో, జీవితమంతా పొయ్యి ముందే గడిచింది అనుకో" అని నవ్వింది. "ఆవిడ పోయాక ఆ పేరుతో పిలిచినవాళ్ళు లేరు. కోడలొచ్చాక అత్తయ్యని, ఇక్కడ అక్కని. అప్పుడప్పుడూ నాకే అనుమానం వస్తుంది, ఆ పేరు నాదేనా అని."

మావయ్య గొంతు సవరించుకున్నాడు. "అదేనమ్మా నేనూ చెప్పేది, ఆ పేరులో ఏదో..."

"టీ తాగు మావయ్యా."

మావయ్య తాగాడు.

వాన సన్నబడింది. రోడ్డుకి అవతల ఆసుపత్రి గేటు దగ్గర అత్తగారు కనబడింది, తల మీద సంచీ కప్పుకుని. ఇటు వైపు చెయ్యి ఊపుతూ గొంతెత్తింది.

"ఏవయ్యోయ్! పాపని పెట్టెలోంచి బయటికి తీశారు! పాలు కూడా తాగింది! నర్సమ్మ మళ్ళీ అడుగుతోంది, ఏం పేరు చెప్పమంటావ్?"

టైలరు గ్లాసు పెట్టేసి కొట్టు బయటికి వచ్చాడు. మధ్యలో ఒక లారీ వెళ్ళింది, అది పోయేదాకా ఆగాడు. చేతులు రెండూ నోటికి అడ్డం పెట్టుకుని, వీధి వీధంతా వినబడేలా అరిచాడు.

"వెన్నెలా!"

"ఆఁ, వస్తున్నా!"

ఆ పలికింది అత్తగారు కాదు. అతని వెనక నుంచి వచ్చింది ఆ గొంతు. ఆటలోంచి అన్నానికి పిలిస్తే పలికే పిల్ల గొంతులా ఉంది. కండక్టరు వెనక్కి తిరిగాడు. రంగుల మావయ్య చేతిలో గ్లాసు అలాగే నిలిచిపోయింది. టైలరు తిరిగి చూసేసరికి, అక్క పొయ్యి దాటి రెండడుగులు ముందుకి వచ్చేసి, మసిగుడ్డ నోటికి అడ్డం పెట్టుకుని, తనేనా పలికిందని ముగ్గురి మొహాలూ మార్చి మార్చి చూస్తోంది.